మోచేతి మడతలో పుండు

మా ఇస్త్రీ షెడ్డులో ఎవరి చేతి మీద ఎన్ని వాతలున్నాయో ఎవరూ చూడరు. తొమ్మిది మందిమి హోటళ్ళ దుప్పట్లు, తలగడ గలీబులు ఇస్త్రీ చేస్తాం. దుప్పటి తిప్పేటప్పుడు పెట్టె అంచు ముంజేతికి తగులుతుంది. చన్నీళ్ళు పోసి, కాలిన గాయాల మందు రాసుకుని, మళ్ళీ బల్ల దగ్గరికి వెళ్ళడమే. ఎనిమిది రోజుల్లో పొక్కు ఎండి రాలిపోతుంది. వాత లేని చెయ్యి చూపిస్తే జీతం కోస్తానని మేస్త్రీ నవ్వుతుండేవాడు.

అందుకే నా చెల్లెలు పొడుగు చేతుల జాకెట్టు వేసుకుని, లోపల కట్టు కట్టుకుంటే నేనేమీ అడగలేదు. మందు గొట్టం నేనే అందించేదాన్ని.

మేమిద్దరం ఒకే గదిలో ఉంటాం. నా భర్త పోయాక నన్ను తెచ్చి తన దగ్గర పెట్టుకుంది అదే. ఏడాది కిందట దాని మొగుడు చెప్పాపెట్టకుండా వెళ్ళిపోయాడు. ఆ తర్వాత రెండు బల్లల పని నెత్తిన వేసుకుంది. నిద్ర లేదు. పడుకుంటే ఆలోచనలొస్తాయి, నిలబడితేనే నయం అనేది. నడుం నొప్పికి సూది వేయించుకుంటున్నానని ఒకసారి చెప్పింది. ఎవరు వేస్తున్నారో నేను అడగలేదు.

వానలకు షెడ్డులో అందరికీ జలుబు చేసింది. నాలుగు రోజుల్లో అందరికీ తగ్గింది, దానికి నెలైనా తగ్గలేదు. నోరు పూసింది. పెదవి పగిలితే మానలేదు. దిగులు దీన్ని తినేస్తోంది అనుకున్నాను. అది సగం నిజమే.

ఆ ఉదయం బల్ల దగ్గర వణికిపోతోంది. ఆవిరికి మేమంతా చెమటలు కక్కుతుంటే దానికి చలి. ఒళ్ళు పెనంలా కాలుతోంది. సామాన్ల గదిలోకి లాక్కెళ్ళి, వద్దంటున్నా కట్టు విప్పాను.

పుండు మోచేతి మడతలో ఉంది.

నేను ఇరవై ఏళ్ళుగా ఇస్త్రీ చేస్తున్నాను. పెట్టె తగిలేది ముంజేతి వెలుపలికి, మణికట్టుకి, ఎప్పుడైనా పొట్టకి. మోచేతి మడతలో ఏ పెట్టే తగలదు. పుండు చుట్టూ సూది చుక్కలు, పాతవీ కొత్తవీ. అక్కడి నుంచి ఎర్రటి గీత ఒకటి చంక వైపు పాకింది. పదకొండు రోజులుగా దీనికి కాలిన గాయాల మందు ఇస్తున్నాను.

మూడు వారాలే అయిందని, నొప్పి తెలియకుండా పోతుందని ఈ మత్తు సూది మొదలెట్టానని చెప్పింది. నా చెయ్యి తీసి తన నెత్తిన పెట్టుకుంది.

"ఎవరికీ చెప్పకక్కా. మేస్త్రీకి తెలిస్తే ఇద్దర్నీ గెంటేస్తాడు. నా మీద ఒట్టు."

సరేనన్నాను. మళ్ళీ కట్టు కట్టాను.

దాని జ్వరం చూసి మేస్త్రీయే మమ్మల్ని దుప్పట్ల వ్యానులో ఆసుపత్రికి తీసుకొచ్చాడు. మంచివాడే. కానీ మత్తు అలవాటున్న ఒకతన్ని, చెప్పులు కూడా తొడుక్కోనివ్వకుండా పంపేసినవాడు. అక్కడ చీటీలు రాసే బల్ల దగ్గర నర్సు ఎలా అయిందని అడిగింది. పెట్టె తగిలిందంది చెల్లెలు. మా దగ్గర ఇది మామూలేనండీ అని మేస్త్రీ వత్తాసు పలికాడు. నర్సు కట్టు విప్పలేదు. చీటీ రాసి, కాలిన గాయాల వరస అటు ఉంది, కూర్చోండి అంది. ఆ వరసలో ఇరవై మంది దాకా ఉన్నారు.

చెల్లెలు నా వేళ్ళు గట్టిగా పట్టుకుంది. చెబితే ఇద్దరి పనీ పోతుంది. అది జన్మలో నా మొహం చూడదు. చెప్పకపోతే, ఆ ఎర్ర గీత ఇప్పటికి ఎక్కడి దాకా వచ్చిందో. జాకెట్టు చెయ్యి పైకి తోసి చూడాలంటే భయమేసింది.

"అది వాత కాదమ్మా," అన్నాను నర్సుతో. "సూది పోట్లు. మత్తుమందు."

చెల్లెలు నా చెయ్యి వదిలేసింది. మేస్త్రీ రెండడుగులు వెనక్కి వేశాడు.

ఆ తర్వాత అంతా పరుగే. పడకమీద పడుకోబెట్టి, రక్తం తీసి, సెలైన్ సీసా ఎక్కించారు. డాక్టరమ్మ దాని గుండె మీద గొట్టం పెట్టి చాలాసేపు విన్నది. అంతసేపు ఎందుకు వింటోందా అని ఆమె మొహమే చూస్తున్నాను. దాని ఏడాది సంగతంతా చెప్పి, మాకు ఇంతకంటే పెద్ద వాతలే మానిపోతాయి కదమ్మా, దీనికెందుకిలా అని అడిగాను.

"మురికి సూది క్రిముల్ని నేరుగా రక్తంలోకి తోసిందమ్మా. మామూలుగా ఒళ్ళే వాటితో పోరాడుతుంది. నిద్ర లేదు, తిండి లేదు, ఏడాదిగా దిగులు, పైన ఈ మత్తుమందు. కాపలావాళ్ళంతా సొమ్మసిల్లితే ఇంట్లోకి ఎవడైనా వస్తాడు. గుండె దాకా వెళ్ళాయేమో చూడాలి. ఎన్నాళ్ళుగా వాడుతోంది?"

మూడు వారాలన్నాను.

చెల్లెలు గోడవైపు తిరిగి ఉంది. నాతో ఇక మాట్లాడదనే అనుకున్నాను.

"తొమ్మిది నెలలు," అంది గోడతోనే. "రోజుకి మూడుసార్లు. అక్కకి తెలీదు."

డాక్టరమ్మ రాస్తున్నది ఆపి, నర్సును పిలిచి ఇంకో మందు పేరు చెప్పింది. నర్సు పరుగెత్తింది. తొమ్మిది నెలలూ నేను దాని పక్కనే పడుకున్నాను.

"చలేస్తోందక్కా. వెళ్ళకు."

రెండో దుప్పటి కూడా కప్పి, దాని మీద నేను వంగి పట్టుకున్నాను. అయినా ఆ వణుకుకి మంచం ఇనుప కాళ్ళు గచ్చు మీద టకటకమని కొట్టుకుంటూనే ఉన్నాయి.