పదకొండు చుక్కలు

ఆ పగులు మీద రంగు వేసింది నేనే. ముందు ఈ మాట ఒప్పుకోకుండా ఆ ఓడ గురించి ఏం చెప్పినా అబద్ధమే అవుతుంది. కార్మికులూ విద్యార్థులూ ఇంతమంది వచ్చి అడిగారు కాబట్టి మొదటినుంచీ చెబుతాను.

రేవులో ఓడ కట్టి ఉంది. మర్నాడు తనిఖీ అధికారి వస్తాడు. కంపెనీ సూపర్‌వైజరు డెక్కు మీదికొచ్చి, సరుకు గది మూత మూలనుంచి రెండు మూరలు పాకిన పగులును బూటుకాలితో తట్టి చూశాడు.

"దీనిమీద రెండు పూతలు వేసెయ్," అన్నాడు నాతో.

పక్కనే మా బావ ఉన్నాడు. బాయిలర్లలో బొగ్గు వేసేవాళ్లలో అందరికన్నా పెద్దవాడు.

"అది మరక కాదు సార్. పగులు," అన్నాడు.

"నీ పని కింద. పైన కనబడేదంతా నేను చూసుకుంటాను."

ప్రతి ప్రయాణం కాగానే పగులు ఎంతవరకు వచ్చిందో చూసి, దాని పక్కన ఇనుము మీద పంచీ మొన ఆనించి సుత్తితో ఒక చుక్క కొట్టేవాడు బావ. అలా పదకొండు చుక్కలు పడ్డాయి. మొదటివాటి మధ్య వేలెడు దూరం కూడా లేదు. చివరి రెంటి మధ్య జానెడు ఉంది. నోట్లో నాలుక లేనివాడిలా ఆ చుక్కల మీద కూడా రంగు పూశాను.

ఆ ఓడ యుద్ధంలో పుట్టింది. శత్రువు ముంచేవాటికన్నా ఎక్కువ ఓడలు కట్టాలని ప్రభుత్వం పట్టుబట్టింది. రివెట్లు కొట్టే తీరిక లేక రేకుల్ని వెల్డింగుతో అతికి నలభై రెండు రోజుల్లో నీళ్లలోకి తోశారు. మగవాళ్లు యుద్ధానికి పోయారు కాబట్టి అతికే పనికి ఆడవాళ్లను తీసుకున్నారు. వాళ్లలో మా అక్క ఒకతె. అయిదేళ్లు తేలితే చాలనుకున్నారు. యుద్ధం అయిపోగానే అక్కను ఇంటికి పంపారు, ఓడను అమ్ముకున్నారు. నలుగురు యజమానులు మారారు, పాత పేరు మీద నాలుగు కొత్త పేర్లు పడ్డాయి. మేం మాత్రం 'అత్తగారు' అనేవాళ్లం, ఎంత బొగ్గు పెట్టినా పెదవి విరిచేది కాబట్టి. నేను రంగు వేసేనాటికి దానికి పద్దెనిమిదేళ్లు.

ఆ సాయంత్రం అక్క బావ చొక్కాకు గుండీ కుడుతూ అంతా వింది.

"పగులు కొసన గుండ్రంగా బెజ్జం పెడితే అక్కడితో ఆగుతుంది. తర్వాత ఆ ఇనుము కోసేసి కొత్తది వెయ్యాలి. వారం పని."

"వారం ఓడ ఆగితే సూపర్‌వైజరు గుండె ఆగుతుంది," అన్నాడు బావ.

అక్క నవ్వలేదు. "ఆ మూల చతురస్రంగా కోశారు. గుండ్రంగా కొయ్యాలని మా ముసలి మేస్త్రి అప్పుడే మొత్తుకున్నాడు. టైం లేదన్నారు."

మర్నాడు తనిఖీ అధికారి రంగు చూసి సంతకం పెట్టి వెళ్లాడు. మేం యూనియన్ గదిలో చేరాం. బల్లలు చాలక సగంమంది నిలబడ్డారు.

"పొయ్యిలు రాజెయ్యొద్దు," అన్నాడు బావ. "చల్లారిన బాయిలర్లో ఆవిరి పుట్టాలంటే ఒక రోజు పడుతుంది. మనం ముట్టించకపోతే వాడి ఓడ ఇనపపెట్టె. అంతే."

"గేటు బయట మన పనుల కోసం వందమంది ఉన్నారు, తెలుసా?" అన్నాడు వంటవాడు.

"పిల్లలకేం పెట్టమంటావు? నీ చుక్కలు పెట్టమంటావా?" అన్నాడు సరుకెత్తే యంత్రం నడిపే అతను. కొందరు నవ్వారు. "ఈ ఒక్క ట్రిప్పు వెళ్లొద్దాం. వచ్చాక తేల్చుకుందాం."

చేతులు లేచాయి. నాదీ లేచింది. బావ నావైపు ఒక్కసారి చూశాడు.

"సరే. అందరి మాటే నా మాట," అని టోపీ పెట్టుకున్నాడు. 

బయలుదేరిన మూడోరోజు పొద్దున, ఎముకలు కొరికే చలిలో, ఫిరంగి పేలినట్టు చప్పుడైంది. ఆ మూలనుంచి డెక్కు పక్కకు చీలిపోయింది. బాయిలర్ గదిలోకి నీళ్లు దూకాయి. మండే బాయిలర్లకు ఆ చల్లటి నీళ్లు తగిలితే పేలిపోతాయి. బావ తనవాళ్లను నిచ్చెన ఎక్కించి, నిప్పు బయటికి లాగి ఆవిరి వదలడానికి తానొక్కడే ఉండిపోయాడు.

మా పనిలో ఒక అలవాటుంది. కింద ఉన్నవాడు క్షేమమా అని పైవాడు పారతో ఇనుము మీద రెండు దెబ్బలు కొడతాడు. ఉన్నానని కిందివాడు రెండు కొడతాడు. ఆ పొద్దున నేను కొట్టాను. మూడుసార్లు బదులొచ్చింది. నాలుగోసారి రాలేదు. ఎంతసేపు కొట్టానో నాకు తెలియదు, ఎవరో నా చేతిలోంచి పార లాక్కున్నారు.

బాయిలర్లు పేలలేదు. చీలిన ఓడను మరో ఓడ రేవుకు లాక్కొచ్చింది. బావ తప్ప ఇరవై ఎనిమిదిమందిమి ఇల్లు చేరాం.

యుద్ధకాలంలో ఆడకూలీలు వేసిన నాసిరకం అతుకులే కారణమని కంపెనీ రేవు గేటుకు కాగితం అంటించింది.

"నా చేత్తో అతికిన ఓడే ఆయన్ని మింగిందా?" అని అక్క గోడకు చేరగిలబడింది. రెండు రోజులు మెతుకు ముట్టలేదు. ఇంక ఆగలేక చుక్కల మీద నేను వేసిన రంగు సంగతి చెప్పేశాను. విచారణ సోమవారం. ఈలోగా, రేపే, ఆ ఇనుము కోసి కరిగించడానికి పంపుతున్నారని కూడా చెప్పాను.

అక్క నన్ను కొట్టలేదు. కొడితే బాగుండేది.

"వేసిన చేత్తోనే గీకుదువుగాని, పొద్దున్నే పద," అంది.

మేం వెళ్లేసరికి, అక్క రాత్రే పంపిన కబురు అందుకుని, యుద్ధంలో ఆమెతో పనిచేసిన ఆడవాళ్లు ఆరుగురు గేటు దగ్గరున్నారు. వెనక ఓడవాళ్లమంతా ఉన్నాం. కాపలావాళ్లను తోసుకుని డెక్కెక్కాం. ఇనుము కోసే అతను మమ్మల్ని చూసి మంట ఆర్పేశాడు. నేను మోకాళ్ల మీద కూర్చుని గీకాను. ఒక్కొక్కటే బయటపడ్డాయి. పదకొండో చుక్క దగ్గర నాకు చూపు ఆనలేదు.

"ఇది కంపెనీ ఆస్తి! దిగండి!" అని అరిచాడు సూపర్‌వైజరు.

"అతుకు చెక్కుచెదరలేదు, వచ్చి చూడు," అంది అక్క. "పగిలింది ఇనుము. పదకొండుసార్లు మా ఆయన నీకు చెప్పాడు."

సరుకెత్తే యంత్రం అతను ముందుకొచ్చాడు.  "ఒక్క ట్రిప్పు అన్నది నేనే... ఇంక ఒక్కటి కూడా లేదు. ఈ ఇనుము విచారణకు చేరేదాకా ఈ రేవులో ఏ ఓడలోనూ పొయ్యి రాజదు." అని ఆ చుక్కల పక్కనే చతికిలబడ్డాడు. వంటవాడు కూర్చున్నాడు. ఆడవాళ్లు కూర్చున్నారు. ఇనుము చుట్టూ చోటు లేకుండా కూర్చున్నారు.

పోలీసులు వచ్చి ముందుగా అక్కనూ నన్నూ పట్టుకున్నారు. అక్క చెయ్యి విడిపించుకుని, పక్కనున్న పార తీసుకుని డెక్కు మీద రెండు దెబ్బలు కొట్టింది.

పక్క ఓడలోంచి రెండు దెబ్బలు వినబడ్డాయి. దాని అవతలిదాంట్లోంచి రెండు. రేవు పొడుగునా కొట్టుకుంటూ పోయారు. మమ్మల్ని వాన్ ఎక్కించేసరికి పొగగొట్టాల్లో ఒక్కొక్కదాంట్లోనే పొగ ఆగిపోతోంది.

అక్క మాత్రం వాన్‌లో కూర్చున్నాక కూడా చెవి అటే పెట్టి వింటూ ఉంది. ఆమెకు కావలసిన రెండు దెబ్బలు కిందినుంచి రావాలి.