మోకాలి లోతు నీళ్ళలో ఇల్లు

స్టేన్‌వార్డ్ కోటకు దగ్గరలో ఇటుకతో ఇల్లు కట్టకూడదని చట్టం. కట్టుకుంటే చెక్కతోనే కట్టుకోవాలి. యుద్ధం వస్తే ఫిరంగులకు ఏదీ అడ్డు ఉండకూడదు. చెక్క ఇల్లయితే గంటలో తగలబెట్టేయవచ్చు. అది తెలిసే నా భర్త రైక్ అక్కడ ఇల్లు కట్టాడు, ఎందుకంటే ఆ నేలను మాతో పోటీపడి అడిగినవాళ్ళు ఎవరూ లేరు.

రైక్ వడ్రంగి. ఆ ఇంటికి ఒక్క ఇనప మేకు కొట్టలేదు. దూలాలూ పలకలూ అన్నీ చెక్క మేకులతోనే బిగించాడు. గోడలకు బయట తారు పూసి, కిటికీలకు తెల్ల రంగు వేశాడు. "ఏదో ఒక రోజు కోటవాళ్ళు అగ్గిపెట్టె పట్టుకుని వస్తారు, తూనా. అంతకంటే ముందు మనం సుత్తి పట్టుకోవాలి" అని నాతో అనేవాడు. ముప్పై మూడేళ్ళు ఎవరూ రాలేదు. రైక్ పోయిన ఆరేళ్ళకు, 1914 ఆగస్టులో, ఒక శుక్రవారం పొద్దున వచ్చారు.

వచ్చినవాళ్ళు ఇద్దరు. కెప్టెన్ హోవెన్ కొత్తగా కోటకు బదిలీ అయినవాడు, చేతికి తెల్లటి తొడుగులు. వెనక సార్జెంట్ డౌవె, మా తలుపు చట్రం కంటే పొడుగ్గా ఉన్నాడు. కెప్టెన్ ఒక కాగితం తీశాడు.

"చదివి వినిపిస్తానమ్మా."

"ఇటివ్వండి. నాకు చదువొచ్చు. వచ్చి మూడేళ్ళే అయింది, ఇంకా అరగలేదు."

నిలబడే నెమ్మదిగా చదివాను. సోమవారం మధ్యాహ్నం పన్నెండు గంటలకు ఇల్లు తగలబెడతారు. ఆ తర్వాత పెద్ద గట్టుకు ఇవతల ఉన్న ఏ చెక్కైనా, నిలబడి ఉన్నా పడి ఉన్నా, కోటదే.

"తగలబెడితే మీకేం మిగులుతుంది?" అని అడిగాను.

"ఖాళీ స్థలం. ఫిరంగికి కావలసింది అదే."

"ఖాళీ స్థలమే కావాలంటే నేనిస్తాను. మీ అగ్గిపుల్ల దాచుకోండి."

డౌవె నవ్వాడు. "మూడు రోజుల్లో ఇల్లు విప్పుతావా అవ్వా? నీ మోకాళ్ళు విరగకుండా చూసుకో."

"నా మోకాళ్ళ సంగతి నీకెందుకు అబ్బాయ్? నీ తల చూసుకో, ఆ గుమ్మం నీకంటే పొట్టిది" అన్నాను. అన్నట్టే వెళ్ళేటప్పుడు గుద్దుకున్నాడు.

గట్టుకు అవతల ఏవర్ట్ ఉంటాడు. పాలు పడవలో పట్నానికి తీసుకెళతాడు. రైక్ దగ్గర చిన్నప్పుడు పని నేర్చుకున్నాడు. కబురు పంపగానే నలుగురు కూతుళ్ళతో వచ్చాడు. "రైకన్న ఇల్లంటే నా ఇల్లే అక్కా" అన్నాడు. కొయ్య సుత్తులతో మేకులు వెనక్కి తడుతూ శనివారం సాయంత్రానికి పైకప్పూ మూడు గోడలూ దించేశాం. ప్రతి పలక కొనమీదా నేను ఉలితో గుర్తు చెక్కాను. తూర్పు గోడకు ఒక అక్షరం, వంటగదికి ఒక అక్షరం, పక్కనే వరస సంఖ్య. దించిన చెక్కలో సగం, గట్టు అవతలికి చేర్చడానికి, ఏవర్ట్ పాలపడవకెక్కింది.

ఆదివారం పొద్దున ఏవర్ట్ నల్ల కోటు వేసుకుని గట్టు మీద కనబడ్డాడు.

"పడవ కదిలిద్దామా?" అని అడిగాను.

"ఈ రోజా? ఆదివారం పని చేస్తే పాస్టరు గారు నా పేరు అందరి ముందూ చదువుతారక్కా."

"చదవనీ. ఇంతవరకూ నీ పేరు ఎవరూ మర్యాదగా పలికింది లేదు."

"రేపు తెల్లవారగానే లాగేస్తాను. ఒక్క రోజులో ఏం మునిగిపోతుంది?"

అతను చర్చికి వెళ్ళాడు. నేను వెళ్ళలేదు. గంట మోగినంతసేపూ నాలుగో గోడ మేకులు తీస్తూనే ఉన్నాను. ఇరుగుపొరుగు వాళ్ళు నన్ను చూసి తలలు తిప్పుకున్నారు. దేవుడికి నా ఇల్లు ఎక్కడుందో తెలుసు, కావాలంటే ఆయనే వస్తాడనుకున్నాను.

ఆదివారం పాటించనివాళ్ళు ఇంకా ఉన్నారు. చర్చిలో పాట నడుస్తుండగా, శత్రువు దాటకుండా నేలంతా ముంచడానికి కోటవాళ్ళు నది తూములు ఎత్తారు.

సోమవారం తెల్లవారేసరికి మా పచ్చికంతా నీళ్ళు. కాలవకూ ఒడ్డుకూ తేడా తెలియడం లేదు. పాలపడవ నీటితోపాటు పైకి లేచింది. పట్నం దారిలో కాలవ మీదున్న వంతెన మాత్రం ఉన్నచోటే ఉంది. పడవ మీది చెక్కలు వంతెన కింద దూరడానికి రెండు జానలు అడ్డొచ్చాయి. ఏవర్ట్ మొహం పాలిపోయింది.

"నా వల్లే అక్కా."

"నీ వల్లే. ఏడుపు తర్వాత, ముందు తాళ్ళు తీసుకురా."

చెక్కలు దించి తెప్పలుగా కట్టడం మొదలుపెట్టాం. మొత్తం తొమ్మిది తెప్పలు. తొమ్మిది గంటలకు కెప్టెన్ వచ్చాడు.

"ఏం చేస్తున్నారమ్మా? ఈ నీళ్ళ సంగతి మీకు తెలియదు. నడిచేవాడికి ఎక్కువ, పడవకు తక్కువ. అడుగున కాలవలు ఎక్కడున్నాయో కనబడవు. ఏ సైన్యమూ దీన్ని దాటలేదు."

"ఆ సైన్యాలకు ఆవులు ఉండి ఉండవు" అన్నాను.

రైక్ పాత ప్యాంటు తొడుక్కుని, అతని పొడవాటి కొలతకర్ర చేతికి తీసుకుని నీళ్ళలో దిగాను. నీళ్ళు మోకాళ్ళ దాకా వచ్చాయి. ముప్పై ఏళ్ళు ఆ పచ్చికలో ఆవులను తోలాను. అవి కాలవలు దాటడానికి రైక్ రెండు చోట్ల విరిగిన ఇటుకలు పోసి గట్టి చేశాడు. కళ్ళు మూసుకున్నా నా పాదాలకు ఆ చోట్లు తెలుసు. ముందు నేను, వెనక తెప్ప, తెప్పను తోస్తూ ఏవర్ట్. ఏడు వందల అడుగులు వేసి గట్టెక్కాం. ఏవర్ట్ కూతుళ్ళు చెక్కలు పైకి లాగారు. మళ్ళీ వెనక్కి.

పదకొండు దాటేసరికి ఆరు తెప్పలు అవతలికి చేరాయి. మూడు మిగిలాయి. నా కాళ్ళు నావి కానట్టున్నాయి. ఏడో తెప్ప కడుతుంటే వెనక పెద్ద చప్పుడైంది. కెప్టెన్ నా దారి చూద్దామని నీళ్ళలో దిగాడు. నాలుగో అడుగులో కాలవలో పడ్డాడు. టోపీ ఒక్కటే తేలింది. డౌవె కాలరు పట్టుకుని పైకి లాగాడు.

కెప్టెన్ మొహం తుడుచుకుని నా దగ్గరికి వచ్చాడు. కోపం లేదు, భయం ఉంది.

"ఆ దారి ఎక్కడుంది?"

"ఏ దారి?"

"మీరు నడిచిన దారి. ఒక ముసలావిడ దాటగలిగితే ఒక దళం దాటగలదు. ఇది దేశ రక్షణ. మీరు చెప్పి తీరాలి."

"చెబుతాను. మీ గడియారంలో ఎంతైంది?"

"పదకొండున్నర అయి ఉంటుంది."

"అయితే ఇప్పుడు ఖాళీ లేదు. పన్నెండు దాటితే మిగతా చెక్కలు మీవి కదా, అప్పటినుంచి నాకు మతిమరుపు మొదలవుతుంది."

"నన్ను బెదిరిస్తున్నారా?"

"అవును బాబూ."

కెప్టెన్ జేబులోంచి గడియారం తీశాడు. మూత తెరిస్తే నీళ్ళు కారాయి. చెవి దగ్గర పెట్టుకుని విన్నాడు. ఆ తర్వాత డౌవె వైపు తిరిగాడు.

"ఇది పదకొండు ఇరవైకి ఆగిపోయింది. పన్నెండు ఎప్పుడవుతుందో నేను చెప్పలేను. నువ్వెళ్ళి ఆ తెప్ప తొయ్యి."

డౌవె బూట్లు విప్పాడు. "ఇక్కడ కూడా తల వంచుకునే రావాలా అవ్వా?"

"నీళ్ళలో గుమ్మం లేదులే, రా."

మూడు గంటలకు చివరి కిటికీ గట్టెక్కింది. నేను మాట తప్పలేదు. కొలతకర్రతో ఆ రెండు చోట్లూ చూపించాను. సైనికులు గడ్డపారలతో రైక్ పోసిన ఇటుకలు పెకలించి పక్కకు విసిరారు. చూస్తూ నిలబడ్డాను. ఇల్లు విప్పినప్పుడు రాని ఏడుపు అప్పుడు వచ్చింది.

యుద్ధం మా నీళ్ళ దాకా రాలేదు. నాలుగేళ్ళ పైచిలుకు ఇల్లంతా ఏవర్ట్ గడ్డికొట్టంలో పలకలుగా పడుకుంది. 1919 వసంతంలో, నీళ్ళు తీసేశాక, దాన్ని తెచ్చి, మునుపు ఉన్నచోటే, పాత కన్నాల్లో కొత్త చెక్క మేకులు కొట్టి నిలబెట్టాం. ఈసారి ఆదివారం వదిలేశాను, తొందర లేదు కాబట్టి.

జూన్‌లో కోట నుంచి ఒక కుర్ర అధికారి కొత్త కాగితం తెచ్చాడు. ఇల్లు ఉండనిస్తారట, మళ్ళీ ఆజ్ఞ వస్తే తగలబెట్టడానికి నేను ఒప్పుకున్నట్టు సంతకం పెట్టాలట. మొత్తం చదివాను. తగలబెట్టడానికి అన్న మాట కొట్టేసి, తీసివేయడానికి అని పైన రాసి, సంతకం పెట్టి ఇచ్చాను. అతను ఏదో అనబోయి, గోడల వైపు చూశాడు.

"ఆ గుర్తులేమిటమ్మా? మీద రంగు వేయిస్తే పోతాయి కదా."

"వద్దు బాబూ. మళ్ళీ మీరొచ్చినప్పుడు వెతుక్కుంటూ కూర్చోలేను."