వెనక్కి వచ్చిన కొంగలు

మా కొంగ టీవీలోకి ఎక్కే రోజున క్యాబేజీ కూరిన పిరోగ్ రొట్టె కాల్చి, వంటింట్లో అందరికీ చెప్పాను, సాయంత్రం నా గదికి రండి, కుర్చీలు ఎవరివి వాళ్లు తెచ్చుకోండి అని. మాస్కోలో మా ఉమ్మడి ఫ్లాట్‌లో గదికో కుటుంబం, అందరికీ కలిపి ఒకే వంటిల్లు. ఆ లెక్కలో నేనొక్కదాన్నే ఒక కుటుంబం.

బొమ్మల సినిమాల స్టూడియోలో ఇన్నేళ్లూ నాది మధ్య బొమ్మల పని. కుందేలు నేల విడవడం, మళ్లీ నేల మీద వాలడం పెద్ద చిత్రకారులు గీసి పారేస్తే, ఆ మధ్య గాల్లో ఉన్న కుందేలంతా నాది. తెర మీద పేర్లు మాత్రం వాళ్లవి. పింఛను పుచ్చుకునే ముందు దయ తలచి ఒక పాత్రని పూర్తిగా నా చేతికిచ్చారు. గుంపుతో ఎగరలేక వెనకబడిపోయిన కొంగ. మాటలుండవు. చెల్లో అనే పెద్ద వయొలిన్ మీద వెనకటి కాలపు సంగీతం ఒకటి నడుస్తుంటే దానికి తగ్గట్టు కొంగ కదలాలి, అంతే.

స్టూడియో పెద్దలు చూసి మొహాలు ముడుచుకున్నారు.

"అగ్నియా పావ్లోవ్నా, ఇది పిల్లల సినిమానా, శవయాత్రా? ఆ గుంపు వెనక్కొచ్చి కొంగని తీసుకుపోవాలండీ."

నాకు ఒళ్లు మండింది. వెళ్లిపోయిన గుంపు ఎక్కడైనా వెనక్కొస్తుందా? పోట్లాడాను, ఓడిపోయాను. ఆ గుంపుని నా చేత్తోనే వెనక్కి తెప్పించాను. ఆ ఒక్క అబద్ధం తప్ప మిగతా సినిమా అంతా నాకు ప్రాణం.

నిజానికి ఎవరొచ్చినా రాకపోయినా వార్యా చూస్తే నాకు చాలు. పక్క గది రాయా కూతురు, ఏడేళ్ల పిల్ల. తల్లి బ్రెడ్డు ఫ్యాక్టరీకి వెళ్తే నా దగ్గరే పెరిగింది, నా పెన్సిళ్లన్నీ కొరికి పెట్టింది. వాళ్లకి సర్కారువారు ఊరి చివర కొత్త ఫ్లాట్ ఇచ్చారు. తెల్లారితే లారీ వస్తుంది. మేమిద్దరం పక్కపక్కన కూర్చుని కొంగని చూడాలంటే ఆ సాయంత్రమే చూడాలి.

టీవీ పెట్టగానే నల్లకోట్ల వాళ్లు నలుగురు కూర్చుని వయొలిన్లు వాయిస్తున్నారు. కుర్చీ చంకన పెట్టుకొచ్చిన మత్వేయ్ ఇల్యీచ్ గుమ్మంలోనే ఆగిపోయాడు. మా ఫ్లాట్‌లో నా తర్వాత ముసలాయన అతనే.

"ఏవమ్మోయ్, నీ కొంగకి నల్లకోటు తొడిగారేం?"

"ఇంకో చానెల్ తిప్పండి," అంది రాయా. తిప్పితే అక్కడా అదే ఏడుపు.

"పైన ఏదో పెద్ద తలకాయే రాలింది," అన్నాడు మత్వేయ్ ఇల్యీచ్.

"నోర్ముయ్ తాతా! గోడలకి చెవులుంటాయి," అంది రాయా.

"అటు గోడ అవతల ఉండేది నేనేగా!"

మా దేశంలో ఏలేవాళ్లు పోతే ముందు టీవీలో ఇలాంటి సంగీతం వస్తుంది, పేరు తర్వాత చెబుతారు. పిల్లల కార్యక్రమాలు అన్నిటికంటే ముందు ఎగిరిపోతాయి. తలా ఒక పిరోగ్ ముక్క పట్టుకుని అందరూ వెళ్లిపోయారు. రాయా సామాను కట్టుకోవడానికి పోయింది. వార్యా మాత్రం కదల్లేదు.

"బామ్మా, కొంగ రాదా?"

"రాదే."

"మరి రేపు?"

"రేపు నువ్వుండవుగా!" అని కసిరాను. పిల్ల తల దించుకుంది. పాపం దాని తప్పేముంది, నా కడుపుమంట.

అంతలో ఒక నల్లకోటాయన చెల్లో ముందు పెట్టుకుని కూర్చున్నాడు. మొదటి స్వరం వినగానే నా వేళ్లు కదిలాయి. అది మా కొంగ సంగీతమే. శవయాత్ర అన్నారుగా మా పెద్దలు, టీవీ వాళ్లకీ అలాగే తోచినట్టుంది.

నేను లేచి టీవీ వెలుతురు తగ్గించే మరను తిప్పేశాను. తెర చీకటైంది, పాట మిగిలింది. మంచం కింద నుంచి నా పెన్సిలు బొమ్మల కట్ట లాగాను. స్టూడియోలో చెత్తబుట్టకి పోవాల్సినవి, నేనే తెచ్చి దాచుకున్నాను. కట్టని బొటనవేలితో గబగబా జారవిడిస్తే కొంగ రెక్క విప్పుతుంది. కాగితాలు ఇట్టే అయిపోతాయి, మళ్లీ మొదలుపెట్టాలి.

"ఇదిగో, ఇప్పుడు మంచు మొదలైంది. ఇక్కడ తలెత్తుతుంది, చూడు. గుంపు మబ్బుల్లోకి వెళ్లిపోతోంది."

"మరి పిలవదా?"

"పిలుస్తోందిగా, వినపడట్లా?"

వార్యా చెవి టీవీకి ఆనించింది. పాట మెల్లమెల్లగా సన్నబడుతోంది. నేను కోరుకున్న కథలో అక్కడ కొంగ ముక్కు రెక్కలో దాచుకుని ఒంటరిగా నిలబడిపోతుంది. అంతే.

"వాళ్లు తిరిగి రారా బామ్మా?"

నా చొక్కా చెయ్యి పట్టుకుని అడిగింది. గోడ అవతల రాయా పెట్టెలకి తాళ్లు బిగిస్తోంది.

"ఎందుకు రారే? అందరూ వెనక్కొస్తారు. దాన్ని మధ్యలో పెట్టుకుని ఎగిరిపోతారు," అన్నాను. పెద్దలతో అంత పోట్లాడినదాన్ని, వాళ్ల అబద్ధాన్నే తడుముకోకుండా చెప్పాను.

పొద్దున్నే సామానంతా లారీ ఎక్కింది. ప్రయాణానికి ముందు కాసేపు కూర్చోవడం మా ఆనవాయితీ కదా, ఖాళీ గదిలో మిగిలిన మూటల మీద ముగ్గురం మాట్లాడకుండా కూర్చున్నాం. ముందు వార్యాయే లేచింది.

"మేమూ వెనక్కొస్తాం బామ్మా, కొంగల్లాగా."

"వచ్చే ఆదివారమే వస్తాం అగ్నియా పావ్లోవ్నా," అంది రాయా. "ఎంత దూరం గనక, మెట్రో ఎక్కితే సరి!"

ఆ ఆదివారం రాలేదు. తర్వాత ఆదివారాలూ రాలేదు. కొత్త ఇల్లు, కొత్త బడి, వాళ్లని తప్పు పట్టను. కానీ చాలాకాలం ఆదివారాల్లో పిరోగ్ కాలుస్తూనే ఉన్నాను.

మంచు కరిగే రోజుల్లో ఆ సినిమా టీవీలో వేశారు. పక్కన ఇంకో కుర్చీ వేసుకుని కూర్చున్నాను. నా పేరు వచ్చింది, కళ్లద్దాలు తుడుచుకునేలోగా పోయింది. గుంపు వెనక్కొచ్చే చోటికి రాగానే లేచి టీవీ కట్టేద్దామనుకున్నాను. కానీ ఊరి చివర ఎక్కడో వార్యా కూడా చూస్తూ ఉంటుంది. బామ్మ చెప్పింది నిజమేనని తల్లితో అంటూ ఉంటుంది. అందుకే కట్టలేదు.

కొంగలు దిగాయి. వాటిలో ప్రతిదాన్నీ గీసింది నేనే. అయినా ఈసారి నిజంగా వస్తున్నాయేమోనని, గుమ్మం వైపు తిరిగి చూశాను.