బోణీకి పనికిరాని చేయి

మొదటి బేరం జరగని దుకాణంలో రెండవ బేరం ఎలా జరుగుతుంది?

ఈ ప్రశ్నను నేను బరంపురం పెద్ద బజారులోని ప్రతి వర్తకుణ్ణీ అడిగాను. తర్కం చదువుకున్న ఒక ప్లీడరును కూడా అడిగాను. ఇంతవరకు ఎవరూ జవాబు చెప్పలేదు. ప్లీడరు మాత్రం, ఇది బరంపురంలో తేలే వ్యవహారం కాదనీ, ఛత్రపురం కలెక్టరు కచేరీలో అడగమనీ సెలవిచ్చాడు.

మమ్మల్ని మద్రాసు నుంచి వేరు చేసి కొత్త ఒరిస్సా రాష్ట్రంలో కలిపిన తరువాత మా బజారుకు ఒక విచిత్రమైన జబ్బు పట్టుకుంది. దుకాణాలన్నీ తెరిచే ఉంటాయి. సరుకంతా అరల్లోనే ఉంటుంది. కొనేవాడు మాత్రం ఉండడు. ఇచ్ఛాపురం వైపు వాళ్లు, సరిహద్దులో ఎవరైనా మూట విప్పి చూస్తారేమోనన్న అనుమానంతో రావడం మానుకున్నారు. గుమాస్తాలు కొందరు కటకం వెళ్లిపోయారు. మిగిలిన ఊరంతా కటకం శేరు కోసం ఎదురుచూస్తూ కూర్చుంది. అది మన శేరు కంటే పెద్దదట. నేడో రేపో ఇక్కడ కూడా అమలు చేస్తారట. కాబట్టి ఇప్పుడు కొన్నవాడు వెర్రివాడట. శేరుతో కొలవని గుడ్డలూ గుండీలూ కొనడం ఎందుకు మానేశారని మా పక్కింటివారిని అడిగితే, "అన్నీ కలిపి ఒక్కసారే కొందామనండీ" అన్నారు.

ఇక బోణీ సంగతి. ఉదయం మొదట కొన్న చేతిని బట్టి ఆ రోజు వ్యాపారం సాగుతుందని మా వాళ్ల నమ్మకం. పసుపు కుంకుమలున్న చేయి మంచిది. మగ చేయి ఎలాంటిదైనా మంచిదే. విధవ చేయి పనికిరాదు. విధవ రెండవసారి కొనవచ్చు, పదవసారి కొనవచ్చు, మొదటిసారి కొనకూడదు. నా పేరు భారతీదేవి. నేను విధవను. నా భర్త ఈ బజారులోనే బట్టల దుకాణం నడిపి పోయాడు. ఆయన పోయిన మర్నాటి నుంచి, ఆయన కూర్చున్న బజారులోనే నేను, నాకంటే ముందు కొనే మొదటి మనిషి కోసం ఎదురుచూడవలసిన దాన్నయ్యాను.

బేరాలు అడుగంటిన కాలంలో వర్తకులు ఒక ఉపాయం కనిపెట్టారు. కొండబాబు అనే కూలివాణ్ణి బోణీకి కుదుర్చుకున్నారు. అతని చేయి మంచిదని పేరు. ప్రతి ఉదయం దుకాణదారే అతని చేతిలో ఒక నాణెం పెడతాడు. ఆ నాణెంతో అతను ఆ దుకాణంలోనే ఏదో ఒకటి కొంటాడు. పక్క దుకాణానికి వెళతాడు. నాణెం దుకాణదారుది, సరుకు దుకాణదారుది, కొనడం మాత్రం కొండబాబుది. ఈ విధంగా పెద్ద బజారులో ప్రతి రోజూ ప్రతి దుకాణంలోనూ శుభమైన బోణీ జరిగేది. ఆ తరువాత ఏమీ జరిగేది కాదు.

కొండబాబు ముగ్గురు భార్యలను కాటికి సాగనంపినవాడు. ముగ్గురిని పంపిన చేయి శుభం, ఒక్కణ్ణి పంపిన చేయి అశుభం. ఈ గణితాన్ని ఏ బడిలో నేర్పుతారో నాకు తెలియదు. అయినా నేను అతని వెనకాలే దుకాణం నుంచి దుకాణానికి నడిచి నాకు కావలసినవి కొనుక్కునేదాన్ని. నిజం చెప్పాలంటే, పెద్ద బజారుకు మిగిలిన నిఖార్సైన కొనుగోలుదారును నేనొక్కదాన్నే.

కొండబాబు ఒకనాడు ఎదురు తిరిగాడు. అతని గుడిసె నిండా బోణీ సరుకు పేరుకుపోయింది: చొక్కా లేని గుండీలు, కుండ లేని మూతలు, ఒంటరి పోకచెక్కలు.

"నాకొక పంచె కావాలి బాబూ. బోణీకి పంచె కొంటాను" అన్నాడు వర్తక సంఘం అధ్యక్షుడు వెంకటరమణమూర్తితో. ఆయనది పట్టుబట్టల దుకాణం.

"బోణీ అంటే సిన్న వస్తువురా. పంచె కొంటే అది బేరం" అన్నాడాయన.

"అయితే ఆ బేరమేదో మీరే సేసుకోండి" అని కొండబాబు గోపాలపురం వెళ్లిపోయాడు, సముద్రపు ఒడ్డున హోటళ్లకు వచ్చే దొరల పెట్టెలు మోయడానికి.

ఆ సాయంత్రమే మా ఆవు గౌరి, పాలు పితికే వేళ తల విసిరి, పక్కన పెట్టిన లాంతరు చిమ్నీ పగలగొట్టింది.

ఇక్కడ కామాక్షి గురించి చెప్పాలి. కామాక్షి మా అన్న కూతురు. భర్త ముఖం సరిగా చూడకముందే అతను పోయాడు. పంతులమ్మలను తయారుచేసే బడిలో చేరడానికి సోమవారం పరీక్ష రాయాలి. పగలంతా అప్పడాలు ఒత్తుతుంది. మా ఇంటి తిండి అందులోంచే వస్తుంది. చదువుకోవడానికి రాత్రి తప్ప వేళ లేదు, రాత్రికి లాంతరు తప్ప వెలుగు లేదు. ఆముదం ప్రమిద పెట్టి చూశాం. అక్షరాల కంటే మసి ఎక్కువగా కనిపించింది. ఈ పరీక్ష తప్పితే, అత్తవారి తాలూకు పెద్దలు ఆమెను తీసుకుపోయి వంటింట్లో పడేయడానికి సిద్ధంగా ఉన్నారు.

మర్నాడు సింహాచలం గాజు సామాను దుకాణానికి వెళ్లాను. చిమ్నీలు పై అరలో వరసగా ఉన్నాయి, దుమ్ము పట్టి. నన్ను చూడగానే అతను లేచి రెండు చేతులూ ముందుకు చాచాడు. దండం పెట్టడానికి కాదు, ఆపడానికి.

"పిన్నమ్మగారూ, మెట్టెక్కకండి. ఇంకా బోణీ అవలేదు."

"పొద్దు వాలుతోంది, సింహాచలం."

"ఏటి సెయ్యమంటారు? ఒక్క పురుగు కూడా రాలేదు."

"నేను వచ్చాను."

"మీరు రావడం వేరు, బేరం రావడం వేరు కదండీ."

నేను నాణెం తీసి చూపించాను. "దీని మీద బొమ్మ ఉన్న రాజుగారు మొన్ననే పోయారు. రాణిగారు కూడా నాలాంటిదే అయింది. ఈ నాణెం నీ పెట్టెలో చెల్లుతుందా?"

"సెల్లకేం! రాణిగారు మా మెట్టెక్కరు కదండీ."

"నేను కొంటే ఏమవుతుంది? ఉన్నమాట చెప్పు."

"ఆ రోజంతా ఇంకో బేరం రాదండి."

"ఇప్పుడు వస్తున్నాయా?"

"లేదు. అదే సెబుతున్నాను, సూడండి. ఇప్పుడు రాకపోతే కాలం బాగోలేదని ఇంట్లో సెప్పుకుంటాను. మీరు కొన్నాక రాకపోతే వరహాలమ్మ నన్ను బతకనిస్తదా?"

వరహాలమ్మ అతని భార్య. లోపలి గదిలోంచి, "బతకనివ్వను" అన్నది.

మిగిలిన దుకాణాల్లో కూడా ఇదే సమాధానం. మరొకరి చేత తెప్పించుకోవచ్చు కదా అని మీరు అడుగుతారు. అడిగాను. ఎవరి చేత కొనిపించినా ఆ చిమ్నీ ఎవరింటికి చేరుతుందో వీధికంతటికీ తెలిసిపోయింది కాబట్టి, కొన్న చేయి ఎవరిదైనా దోషం మా ఇంటిదేనని తీర్మానించారు. విధవకు చాటుమాటుగా కొనే దారి కూడా దక్కకుండా చూడడంలో మా బజారుకు ఉన్న శ్రద్ధ, సరుకు అమ్మడంలో ఉంటే వర్తకం ఏనాడో బాగుపడేది.

శుక్రవారం వెంకటరమణమూర్తి స్వయంగా మా అరుగు మీదికి వచ్చాడు.

"అక్కగారూ, రేపు పొద్దున్న మీ గౌరిని ఒక్క పూట ఇప్పించాలి."

"ఎందుకు?"

"బోణీకి. కొండబాబు లేడు కదా. గోవు సాక్షాత్తూ లక్ష్మి. సంఘం ఒప్పుకుంది."

"ఈ ఇంటి ఆవు పనికొస్తుందా?"

"గోవు ఎవరింట ఉంటే ఏటండి, అందరిదీను."

"దీని జత ఎద్దును అస్కా సంతలో అమ్మేశాం. చెరకు బళ్లు లాగి లాగి చచ్చిపోయిందని విన్నాను. మరి గౌరి సంగతి?"

"మీరు కళ్లారా చూశారా?"

"లేదు."

"అయితే వినికిడి మీద గోవుకి వైధవ్యం అంటగట్టకూడదు. మహాపాపం."

కామాక్షి గుమ్మంలో అప్పడాలు ఎండబెడుతోంది. ఆమె మొగుడు కూడా దూరదేశంలోనే పోయాడు. మాకు కూడా వినికిడే. ఆ మాట నేను అనలేదు. నాకు చిమ్నీ కావాలి. గౌరి కొనే వస్తువుల్లో ఒకటి చిమ్నీ కావాలని షరతు పెట్టాను.

"గౌరి కొన్నది గౌరిది. ఇంటికెళ్లాక అది ఎవరికిస్తే మాకేటి?" అని ఆయన ఉదారంగా చేతులు దులుపుకున్నాడు.

శనివారం ఉదయం గౌరికి పసుపు రాసి, కుంకుమ పెట్టి, నాణేలు పసుపుగుడ్డలో మూటకట్టి కొమ్ముకు తగిలించారు. ముందు సన్నాయి, వెనక సంఘం. మొదటి బోణీ పట్టు దుకాణంలో. గౌరి ఒక ఉత్తరీయాన్ని వాసన చూసి, దాని జరీ అంచు నమలడం మొదలుపెట్టింది.

"శుభం, శుభం" అన్నాడు వెంకటరమణమూర్తి. ఆయన ముఖం మాత్రం ఉత్తరీయం వెంటే గౌరి నోట్లోకి పోయింది.

అక్కడినుంచి తవుడు కొట్టు వేపు లాగుతున్న దాన్ని బలవంతంగా సింహాచలం దుకాణానికి తోలుకొచ్చారు. గౌరి మెట్టు చూసింది. గాజు సామాను చూసింది. చూసి, మెట్టుకు అడ్డంగా పడుకుని, జరీ నెమరు వేయడం మొదలుపెట్టింది.

బతిమాలారు. గడ్డి చూపించారు. సన్నాయి ఆపారు, మళ్లీ వాయించారు. గోవును కొట్టకూడదు, అది లేవకుండా బోణీ కాకూడదు, బోణీ కాకుండా మరో దుకాణానికి పోకూడదు. కొత్త రాష్ట్రంలో బరంపురం చిల్లర వర్తకం యావత్తూ ఒక ఆవు వెనుక ఆగిపోయింది. చివరికి ఎవరో అన్నారు: "పాలు పితికే పిల్లని పిలవండి. ఆ గొంతైతే వింటది."

కామాక్షి వచ్చింది. అప్పడాల పిండి ఇంకా చేతులకు ఉంది. గౌరి మెడ మీద చెయ్యి వేసి ఏదో అన్నది. గౌరి చెవులు ఆడించిందే కాని లేవలేదు. కామాక్షి ఒక్క క్షణం ఆ పై అర వైపు చూసింది. తరువాత చీర కుచ్చెళ్లు కాస్త ఎత్తి పట్టుకుని, ఆవు తోకవైపు నుంచి తిరిగి మెట్టెక్కింది. గౌరి కొమ్ముకున్న మూట ముట్టుకోలేదు. తన కొంగుముడి విప్పి, తన అప్పడాల నాణెం బల్ల మీద పెట్టింది. పై అరలోంచి చిమ్నీ తీసుకుని కొంగుతో దుమ్ము తుడిచింది.



సింహాచలం ముందుకు వంగి, గొంతు తగ్గించి, ఏడుపు ఒక్కటే తక్కువగా అన్నాడు: "తల్లీ, ఒక్క మాట. గౌరి పేరున కొంటున్నానని సెప్పు. నీకు పుణ్యముంటది. అనేసి పట్టుకెళ్లిపో."

అంతా ఆ మాటతో సరిపోయేది. నేను కూడా, అనమనే కళ్లతో సైగ చేశాను.

"గౌరి చదవదు మావయ్యా" అన్నది కామాక్షి, అందరికీ వినబడేలా. "సోమవారం పరీక్ష రాసేది నేను. నా పేరునే కొంటున్నాను."

"అయిపోయింది! కొంప ములిగిపోయింది!" అని లోపలినుంచి వరహాలమ్మ కేక. కామాక్షి చిమ్నీని పసిపిల్లను ఎత్తుకున్నట్టు రెండు చేతులతో పట్టుకుని ఇంటికి నడిచింది. గౌరి అప్పుడు లేచి, ఆమె వెంట వచ్చేసింది.

సింహాచలం సర్వనాశనం చూడడానికి బజారంతా వచ్చింది. బజారును చూడడానికి ఊరు వచ్చింది. గుంపు చూసి, ఇక్కడేదో చవకగా ఇస్తున్నారనుకుని సంతకు వచ్చిన పల్లెజనం వచ్చారు. నిలబడ్డవాళ్లు ఊరికే నిలబడలేక ఒత్తులు అడిగారు. ఒకరు గాజు గిన్నె ధర అడిగితే పక్కవాడు అది తనకు కావాలన్నాడు. "కేతే? కేతే?" అని ధర అడుగుతూ ఒడియా పల్లెవాళ్లు వెనకనుంచి కేకలు. గోపాలపురం నుంచి అప్పుడే దిగిన కొండబాబు గుంపులో చొరబడి, జీవితంలో మొదటిసారి తన డబ్బుతో ఒక లాంతరు కొన్నాడు. ఎండ నడినెత్తికి వచ్చేసరికి అరలు ఖాళీ. వరహాలమ్మ స్వయంగా సరుకు అందిస్తూ, మధ్యమధ్య గుర్తొచ్చినప్పుడల్లా ఏడుస్తూ వచ్చింది.

మర్నాటికి సంఘం కారణం కనిపెట్టింది. సాక్షాత్తూ లక్ష్మి మెట్టు మీద పడుకుంది కాబట్టి అంత బేరం జరిగిందట. కామాక్షి మెట్టెక్కిన సంగతి ఎవరి జ్ఞాపకంలోనూ నిలవలేదు. ఇప్పుడు పెద్ద బజారులో ప్రతి దుకాణం మెట్టుకూ అడ్డంగా ఒక ఆవును పడుకోబెడుతున్నారు. లోపలికి పోయే దారి లేక జనం తిరిగి వెళుతున్నారు. వ్యాపారం ఎందుకు లేదని అడిగితే, ఆవులు సరిగా పడుకోవడం లేదంటున్నారు.

కామాక్షి పరీక్ష నెగ్గింది. బడికి పోయేటప్పుడు రోజూ ఆ బజారులోంచే పోతుంది. దుకాణాలవాళ్లు ముఖాలు తిప్పుకుంటారు. సింహాచలం ఒక్కడే తిప్పుకోడు. మొన్న అతను మా పెరటి వైపుకు వచ్చి నిలబడ్డాడు.

"పిన్నమ్మగారూ, ఆ రోజు ఏటి జరిగిందో నాకు తెలుసండి. బల్ల మీద పడింది గౌరి నాణెం కాదు. కామాక్షిని రోజూ ఒక్కసారి... దుకాణం వెనక తలుపు తీసి ఉంచుతాను. ఎవరికీ తెలీకుండా బోణీ సేసి ఎల్లిపోతే..."

కామాక్షి పుస్తకంలోంచి తల ఎత్తింది. "ముందు తలుపులోంచి, నా పేరు పెట్టి పిలవండి మావయ్యా. వస్తాను."

అతను వచ్చిన దారినే వెళ్లిపోయాడు. ఇంతవరకు పిలవలేదు. అతనికి భయం బేరం గురించి కాదు. బేరం వస్తుందని అతనికి తెలుసు. తనకంటే ముందు మరొక మనిషి అలా చేసి చూపించలేదు, అదీ అతని భయం. ఇది కూడా బోణీ కాని దుకాణమే.

కాబట్టి ఇది చదువుతున్న మిమ్మల్ని, ముఖ్యంగా పసుపు కుంకుమలున్న ఆడవారినీ, చేయి ఎలాంటిదైనా శుభమని పేరున్న మగవారినీ అడుగుతున్నాను. రేపు ఉదయం మీ వీధిలో అప్పుడే తెరిచిన దుకాణం మెట్టు కింద ఒక విధవ నిలబడి ఉంటుంది, మీరు వచ్చి బోణీ చేస్తే తను కొనుక్కుందామని. ఆమె ముందుకు పోకండి. ఆమె వెనక నిలబడండి. ఆమె కొనేవరకు మీరు కొనకండి.