నాజూకు గోడ

తోడల్లుళ్ళ మధ్య పోటీ ఎక్కడ మొదలవుతుందో ఎవరూ చెప్పలేరు. ఆ ఇంట్లో మాత్రం వంటింటి గోడ మీద మొదలైంది.

ఇల్లాలి అక్క వాళ్ళింట్లో వంటింటికి టైల్స్ వేయించారన్న కబురు ఫోన్లో వచ్చింది. చెప్పింది అక్క కాదు, బావగారు. ఆయన లారీల ఆఫీసులో మేనేజరు. ఒక గదిలో నవ్వితే పక్క గదిలో గ్లాసులు గలగలమంటాయి. చేతికి అందినదాన్నల్లా తట్టి చూడడం ఆయనకు పుట్టుకతో వచ్చిన అలవాటు. తలుపులు, బల్లలు, పుచ్చకాయలు, బంధువుల వీపులు, దేన్నీ వదిలేవారు కాదు.

"నడుమెత్తు దాకా వేయించా తమ్ముడూ! తడిగుడ్డ ఓసారి అలా అంటే చాలు, అద్దమే! మీ వంటింట్లో ఇంకా ఆ మట్టిగోడేనా?" అన్నారాయన.

ఆ 'ఇంకా' అన్న మాట ఇంటాయనకు అరికాల్లో ముల్లులా దిగింది. ఆయన భూగోళం మాస్టారు. ఒండ్రునేలలు, ఎర్రనేలలు, నల్లనేలలు అంటూ ఏళ్ళ తరబడి పిల్లల చెవులు తోమారు గానీ, సొంత వంటింటి గోడకున్న మట్టి సిలబస్‌లో లేదు కాబట్టి దాని జోలికి ఎన్నడూ పోలేదు.

అది ఇటుక గోడ మీద ఇసుకా, గడ్డి తునకలూ కలిపి పూసిన మట్టిపూత. పొయ్యి దగ్గర లేచిన ఆవిరిని పీల్చుకుని, తీరిక దొరికినప్పుడు వదిలేసేది. ఎక్కడైనా పెచ్చు లేస్తే ఇల్లాలు గుప్పెడు తడిమట్టి తెచ్చి అరచేత్తో రుద్దేసేది. ఆ గోడ ఆమెను ఇబ్బంది పెట్టింది లేదు, ఆమె దాన్ని పొగిడిందీ లేదు. కలిసి బతకడానికి ఇంతకంటే మంచి ఒప్పందం ఆమె తన కాపురంలో ఇంకెక్కడా చూడలేదు.

"అన్నయ్యగారు వదినగారితో వచ్చేలోపు మన గోడకీ వేయించేయాలోయ్. నడుమెత్తు కాదు, నెత్తిదాకా!" అన్నారు మాస్టారు.

"మట్టి మీద టైల్స్ నిలుస్తాయాండీ? వీపు ఆనిస్తేనే జాకెట్టుకి పొడి అంటుకుంటోంది."

"అదంతా మేస్త్రీ చూసుకుంటాడు. వాళ్ళింట్లో చేసినవాణ్ణే పంపుతున్నారు అన్నయ్యగారు. ఏరికోరి!"

మేస్త్రీ వచ్చాడు. జేబులో లెవెలు, చెవి మీద పెన్సిలు, నోట్లో 'ఫర్వాలేదు'. తలుపు కిర్రుమంటోందంటే ఫర్వాలేదు. మూల వంకరగా ఉందంటే ఫర్వాలేదు. కాలేజీ నుంచి వచ్చిన కూతురు కాసేపు విని, అతనికి 'ఫర్వాలేదు మేస్త్రీ' అని పేరు పెట్టేసి తన గదిలోకి వెళ్ళిపోయింది.

"ముందు ఈ మట్టంతా గీకేసి ఇటుక దాకా వెళ్ళాలి కదా మేస్త్రీ?" అంది ఇల్లాలు. "లేదంటే ఇటుకలోకి దిగేటట్టు స్క్రూలతో ఇనుప తీగల జాలీ బిగించి, దాని మీద సిమెంటు పూసి, అది ఆరాక..."

మేస్త్రీ ఆమెను వదిలేసి మాస్టారి వైపు తిరిగాడు. "అమ్మగారు ఎక్కడో చదివినట్టున్నారు సార్."

"ఆఁ, చదువుకుంది లెండి. డిగ్రీ," అన్నారు మాస్టారు, ఇంట్లో ఎవరికో ఉబ్బసం ఉందని ఒప్పుకుంటున్నట్టు.

"గీకితే ఇల్లంతా దుమ్ము సార్. జాలీ అంటే పని సాగి సాగి చుట్టాలొచ్చే వేళకి గోడ పుండులా ఉంటుంది. నేను గాట్లు కొట్టి, నీళ్ళు చల్లి, గమ్ము పెట్టి అంటించేస్తా. మీ అన్నగారింట్లోనూ అంతే చేశా. ఇప్పటికీ నిలబడే ఉంది."

ఆ 'ఇప్పటికీ' ఇల్లాలికి నచ్చలేదు. కానీ ఒకసారి డిగ్రీ బయటపడ్డాక ఇక మాట్లాడి లాభం లేదు. గిన్నెలూ డబ్బాలూ సర్దుకుని వసారాలోకి మారిపోయింది.

మేస్త్రీ ఉలితో గోడంతా గాట్లు పెట్టాడు. బకెట్టుతో నీళ్ళు కొట్టాడు. మట్టి ఆ నీళ్ళన్నీ ఆబగా తాగి జావలా మెత్తబడింది. దాని మీద, పళ్ళున్న తాపీతో గీతలు గీసిన గమ్ముతో, తెల్లటి టైల్స్ ఒక్కొక్కటే అద్దాడు. ఉన్నమాట చెప్పుకోవాలి. దారం కట్టి, లెవెలు పెట్టి, వరస వెంట్రుకవాసి కూడా తప్పకుండా పేర్చాడు. వెనక ఏముందో పట్టించుకోలేదు గానీ ముందు మాత్రం ముచ్చటగా ఉంది. సందుల్లో తెల్ల సిమెంటు నింపి, గుడ్డతో తుడిచి, "ఇక ఏనుగొచ్చి ఆనుకున్నా ఫర్వాలేదు సార్," అని చెప్పి వెళ్ళిపోయాడు.

మాస్టారు వంటింట్లోకి కుర్చీ తెచ్చుకుని గోడకెదురుగా కూర్చున్నారు. పెళ్ళైనప్పటి నుంచి ఆయన ఆ గదిలో అంతసేపు ఉండటం అదే మొదలు.

ఆ సంబరం మట్టి ఆరేదాకానే. ఆరే మట్టి ముడుచుకుంటుంది. ముడుచుకుంటూ ముడుచుకుంటూ అది గమ్మును వదిలేసింది. ఒక పొద్దున ఇల్లాలు గట్టు మీద గిన్నె దించితే గోడ లోపలి నుంచి 'డొబ్' మంది. వేలితో కొట్టి చూసింది. ఇక్కడ డొల్ల. అక్కడ డొల్ల. మూల నుంచి మూలకు ఖాళీ డప్పులా డొల్ల. గోడకీ టైల్స్‌కీ ఎప్పుడో తెగతెంపులైపోయాయి. పరువు కోసం పక్కపక్కన నిలబడ్డాయంతే. సందుల్లో సిమెంటు ఉంది కాబట్టి టైల్స్ ఒకదాన్నొకటి పట్టుకుని, కింద గట్టు మీద కూర్చుని, పైన డబ్బాలు పెట్టే చెక్క అరకు తల ఆనించుకుని ఉన్నాయి.

మాస్టారు కూడా తట్టి చూశారు. ముఖం పాలిపోయింది. మేస్త్రీకి ఫోన్ చేశారు.

"డొల్లగా ఉంటే మంచిదే సార్, వేడి ఆగుతుంది. ఫర్వాలేదు. దాని దగ్గర కాస్త మెల్లగా మసులుకోండి, చాలు!"

ఆనాటి నుంచి ఆ ఇంట్లో గోడ పెద్దదిక్కైంది. వంటింటి తలుపు ఠపీమని వేయకూడదు. రోలు పెరట్లోకి పోయింది. మిక్సీ హాల్లో దిండు మీదికి చేరింది. కూరగాయలు తరిగే పలక మాస్టారి బల్ల మీద, ఆయన గ్లోబు పక్కన. వంటింట్లోకి ఎవరు వచ్చినా మునివేళ్ళ మీద వచ్చి, గుసగుసగా మాట్లాడి, వెనక్కి నడుచుకుంటూ వెళ్ళాలి.

"నాన్నా, గోడకి గుండెజబ్బా?" అని గుసగుసగానే అడిగింది కూతురు.

"నోర్ముయ్. మెల్లగా!" అన్నారు మాస్టారు.

ఇల్లాలికి కావలసింది ఒక్కటే. తన వంటింట్లో తను మామూలుగా మసలుకోవాలి. గరిటె పడితే పడాలి, మూత మోగితే మోగాలి. అన్నిటికంటే ముందు, పొయ్యి మీద వంగినప్పుడు నెత్తి మీదికి తెల్లటి గోడ వస్తుందేమోనన్న బెదురు పోవాలి.

"తీయించేద్దామండీ. వేడి గిన్నె మీద పడిందంటే?"

"అన్నయ్యగారొచ్చి చూసి వెళ్ళనీ. తర్వాత ఆలోచిద్దాం."

"తర్వాత ఆయన మళ్ళీ రారా?"

మాస్టారు అంతదాకా ఆలోచించలేదు. ఆలోచించాక, "వస్తారు," అని ఒప్పుకున్నారు. "అయితే ఇలాగే జాగ్రత్తగా ఉందాం." అంటే ఎప్పటికీ అని అర్థం. పైగా ఇప్పుడు ఆయన బెంగంతా వేరు. అన్నయ్యగారు తడతారు! పుచ్చకాయనే వదలని మనిషి టైల్స్‌ని వదులుతాడా? ఆయన చేతులు ఖాళీగా ఉంచకూడదని కాఫీ కప్పు ఒక చేతికీ, పేపరు ఒక చేతికీ అని పథకం వేసుకున్నారు.

అక్కా, బావగారూ వచ్చారు. వస్తూనే బావగారు వీధి తలుపు తట్టారు, తెరిచే ఉన్నా సరే. కుర్చీ తట్టారు. "టేకేనా?" అన్నారు. మాస్టారి వీపు తట్టారు. మాస్టారు ఒక అడుగు ముందుకు పడ్డారు.

"ఏదీ, ఏదీ, టైల్స్ చూపించు తమ్ముడూ!"

మాస్టారు కాఫీ ఇచ్చేలోపే ఆయన వంటింటి గుమ్మం దాటేశారు. దాటి, గోడకు బారెడు దూరంలో ఠక్కున ఆగారు. రెండు చేతులూ వెనక్కి కట్టుకున్నారు. "బాగుంది," అన్నారు, అదీ గుసగుసగా. తర్వాత మునివేళ్ళ మీద వెనక్కి నడుచుకుంటూ హాల్లోకి వెళ్ళిపోయారు.

ఇల్లాలు ఆ నడక చూసింది. దేన్నైనా తట్టే మనిషి దీన్ని తట్టలేదు! పైగా ఆ వెనక్కి నడవడం ఒక్కరోజులో అబ్బే విద్య కాదు, ఇంట్లో సాధన ఉండాలి. ఇటు చూస్తే అక్క కూడా వంటింటి తలుపు చప్పుడు కాకుండా గడియ పట్టుకుని మూసి, స్టీలు డబ్బా మూతను నిద్రపోతున్న పసిబిడ్డను ఎత్తినట్టు ఎత్తుతోంది.

"అక్కా," అంది ఇల్లాలు, "మీ రోలు ఇప్పుడెక్కడుందే?"

"పెరట్లో."

"పెరట్లో ఎందుకు?"

"గాలికి."

"రోలుకి గాలెందుకే?"

అక్క చెల్లెలి మొహంలోకి చూసింది. తర్వాత గోడ వైపు చూసింది. చూపుడువేలు చాచి, ఒక టైలును మెత్తగా మీటింది. 'డొబ్.'

"అచ్చం మాదాన్లాగే మాట్లాడుతోందే!" అంది అక్క.

ఇద్దరూ నవ్వారు. గట్టిగా నవ్వే వీలు లేదు కాబట్టి నోళ్ళు నొక్కుకుని, భుజాలతో నవ్వారు.

"అంతా తెలిసి మరి అదే మేస్త్రీని మాకెందుకు అంటగట్టారే బావ?"

"మీ గోడ నిలబడి మాది ఊడితే ఆయన పరువేం కావాలే? ఒకే మేస్త్రీ అయితే ఊడినా ఇద్దరిదీ ఊడుతుందని ధైర్యం. తీయించండి మహాప్రభో అంటే, 'తమ్ముడొచ్చి వెళ్ళనీ' అంటారు."

హాల్లో బావగారు ఏదో లారీ కథ మొదలుపెట్టారు. వంటింట్లో మింగిన గొంతంతా అక్కడ వడ్డీతో సహా తీర్చుకుంటున్నారు. కథ నవ్వు దగ్గరికి వస్తోందని వినేవాళ్ళకి తెలుస్తూనే ఉంది.

ఇల్లాలు పొయ్యి ఆపింది. గట్టు మీది గిన్నెలన్నీ తీసి కింద మూలకి చేర్చింది. అక్కను తలుపు దగ్గరికి జరిపింది. అన్నిటికంటే పొడుగు గరిటె అందుకుని, తలుపు వైపు అంచున, గోడకీ టైల్స్‌కీ మధ్య తెరుచుకున్న సందులోకి దాని కాడ దూర్చింది.

"ఏయ్, ఏం చేస్తున్నావే?"

"ఏం లేదక్కా. బావగారు నవ్వితే చెప్పు."

చెప్పాల్సిన పని లేకపోయింది. హాల్లో ఆ నవ్వు పేలింది. ఇల్లాలు గరిటె మీద చెయ్యి వేసి ఒక్కసారి తన వైపుకి లాగి, రెండంగల్లో అక్క పక్కకి వచ్చి నిలబడింది. తెల్లగోడ చెక్క అర నుంచి తల విడిపించుకుని, మర్యాదగా ముందుకు వంగి, ఇల్లంతా అదిరేటట్టు నేల మీదికి వచ్చింది.

దుమ్ము అణగకముందే తోడల్లుళ్ళిద్దరూ గుమ్మంలో ఉన్నారు. వెనక కూతురు.

"ఏమైంది? ఏమైంది?"

"ఏమో బావగారూ," అంది ఇల్లాలు, చేతిలో గరిటెతో. "మీరు నవ్వారు. గోడ పడింది."

మాస్టారికి నిజం తెలుసు. అది ముందే డొల్ల అని చెబితే తన గోడ పరువు పోతుంది. బావగారికీ నిజం తెలుసు. మట్టి మీద అంటిస్తే ఎవరూ నవ్వకపోయినా ఇంతేనని చెబితే తన గోడ సంగతేమిటంటారు. ఇద్దరూ ఒకరి కళ్ళలోకి ఒకరు చూడకుండా పగిలిన టైల్స్ వంక చూశారు.

"నా నవ్వు... కొంచెం గట్టిదే లే తమ్ముడూ," అన్నారు బావగారు చివరికి. అనగానే ఆ మాట ఆయనకే నచ్చినట్టుంది. ఛాతీ కాస్త పొంగింది. "ఆఫీసులో కిటికీ అద్దాలు కూడా అదురుతాయంటారు మా వాళ్ళు."

"అదురుతాయి అన్నయ్యగారూ! ప్రకంపనలంటే ఏమిటనుకున్నారు?" అంటూ మాస్టారు ఊపిరి పీల్చుకుని పాఠం అందుకున్నారు. నేల పొరల్లో తరంగాలు ఎలా ప్రయాణిస్తాయో, గట్టి పొర దగ్గర ఎందుకు విజృంభిస్తాయో చెప్పారు. గోడ గట్టిది కాబట్టే పడిందని తేల్చారు.

"మళ్ళీ వేయిద్దామా నాన్నా?" అంది కూతురు అమాయకంగా.

బావగారు తొందరగా అడ్డొచ్చారు. "ఎందుకమ్మా, ఎందుకు? నేను వస్తూ పోతూ ఉంటా. నవ్వకుండా ఉండలేను కదా!"

"మీరు నవ్వకపోతే మాకు మాత్రం బాగుంటుందా అన్నయ్యగారూ? వద్దు, వద్దు," అన్నారు మాస్టారు.

వెళ్ళేటప్పుడు అక్క చెల్లెలి చెవి దగ్గరికి వంగింది. "మీ ఆయన్ని త్వరగా మా ఇంటికి పంపవే. ఆయన నవ్వుతారా?"

"నవ్వరు. పాఠం చెబుతారు."

"సరిపోతుందిలే. ఇప్పుడు విన్నాంగా, గోడలకి అంతకంటే ఏం కావాలి?"

మర్నాడు ఇల్లాలు టైల్స్ వెనక అంటుకొచ్చిన మట్టినంతా గీకి బకెట్టులో నానేసింది. టైల్స్ ముక్కలు దేనికీ పనికిరాలేదు. మట్టి మాత్రం తడవగానే మళ్ళీ మట్టి అయింది. గుప్పెడు గడ్డి తునకలు కలిపి, పిసికి, అరచేత్తో గోడకి పట్టించింది. మేస్త్రీ కొట్టిన గాట్లలో మట్టి చక్కగా పట్టు చిక్కించుకుంది. ఆ మనిషి పనంతా దండగైందని ఇకమీదట ఎవరైనా అంటే ఆమె ఒప్పుకోదు.

పూత ఇంకా తడిగా ఉండగానే రోలు లోపలికి తెచ్చుకుని, గట్టు మీద పెట్టి మిరియాలు దంచడం మొదలుపెట్టింది. మాస్టారు వచ్చారు. మునివేళ్ళ మీద గుమ్మం దాకా వచ్చి, గుసగుసగా ఏదో అడిగారు.

"ఆఁ?" అంది ఇల్లాలు, రోకలి ఆపకుండా. "వినపడట్లేదండీ. గట్టిగా చెప్పండి!"