రెండు శాతం నర్సమ్మ

మూతపడ్డ కాన్పుల వార్డును మళ్లీ తెరిపిస్తానని నర్సమ్మ ఎన్నికల్లో నిలబడితే పేటంతా ఆమె వెంట నడిచింది. అక్కడి పిల్లల్లో సగం మందికి బొడ్డు కోసింది ఆవిడే మరి. మరిది ఉద్యోగానికి సెలవు పెట్టి, గొంతు బొంగురుపోయేదాకా ప్రచారం చేశాడు. వీధి చివరి దర్జీ కొట్టు కాస్తా ఆవిడ ఆఫీసైపోయింది.

పోలింగుకు వారం ముందు టీవీలో సర్వే వచ్చింది. పెద్ద పార్టీలు రెండూ నువ్వా నేనా అన్నట్టున్నాయి. నర్సమ్మకు రెండు శాతం.

మర్నాడు కొట్లో కుర్చీలన్నీ ఖాళీ. దర్జీ మిషను మీంచి తలెత్తకుండానే, "మీరంటే ప్రాణమేనమ్మా. కాకపోతే గెలవనివాళ్లకి ఓటేసి పాడుచేసుకోవడం దేనికని మావాళ్లు..." అని నసిగాడు.

నర్సమ్మకు అరికాలి మంట నెత్తికెక్కింది. తిన్నగా సర్వే ఆఫీసుకు వెళ్లింది. మేనేజరు మర్యాదగా కూర్చోబెట్టి మంచినీళ్లు తెప్పించాడు.

"మా పేటలో ఎంతమందిని అడిగారు?"

"ప్రతి పేటా తిరగలేం కదండీ. నగరం మొత్తమ్మీద కొందరికి ఫోన్లు చేసి, దాన్నిబట్టి మీ పేటకి అంచనా కట్టాం."

"అంటే ఒక్కర్ని కూడా అడగలేదు."

"అంచనా అనే వేశాం మేడం. కింద, చిన్న అక్షరాల్లో."

"అది చూసి నా మనుషులు ఇళ్లకెళ్లిపోయారు. ఆ సంగతి ఏ అక్షరాల్లో వేస్తారు?"

ఆయన గడియారం వంక చూసుకున్నాడు. నీళ్ల గ్లాసు ముట్టుకోకుండానే ఆమె లేచొచ్చేసింది.

ఓట్ల లెక్కింపు రోజు ఇంటిల్లిపాదీ టీవీ ముందు కూర్చున్నారు. నర్సమ్మ రెండో స్థానంలో వచ్చింది, వెంట్రుకవాసి తేడాతో ఓడిపోయింది. ఆ మేనేజరే తెర మీదికొచ్చి, ఎవరూ ఊహించని పోటీ అని ఆశ్చర్యపోయాడు.

"అయ్యో వదినా!" మరిది తల బాదుకున్నాడు. "ఇంత దగ్గర దాకా వస్తావని తెలిస్తే నేనూ నీకే వేసేవాణ్ణిగా!"

అన్నాక గానీ ఏమన్నాడో వాడికే తెలియలేదు. ఆమె భర్త తమ్ముడి వైపు గుడ్లురిమి చూశాడు.

"నేనెవరో టీవీవాడికి తెలీదు," అంది నర్సమ్మ. "నా చేతి ముద్ద తిని పెరిగావు, నీకూ తెలీదట్రా?"

సాయంత్రం పేటవాళ్లు ఓదార్చడానికి వచ్చారు. తెలిసుంటేనా అని మొదలుపెట్టిన ప్రతివాణ్నీ ఆమె గుమ్మంలోనే ఆపి, ఎవరికి వేశావో చెప్పి లోపలికి రమ్మంది.

లోపలికి వచ్చినవాళ్లు తక్కువ.