ఎడమ మూల మనిషి

బస్తా కింద రెండు చేతులు కలిశాయి. సూగురేశ్ కుడిచేయి యల్లేశ్ ఎడమ మణికట్టును పట్టింది. యల్లేశ్ వేళ్లు సూగురేశ్ మణికట్టు చుట్టూ బిగిశాయి. ఇద్దరూ ఒకే ఊపిరితో లేచారు. వడ్ల బస్తా నేల విడిచి, పక్కనే నడుం వంచి నిలబడ్డ హమాలీ వీపు మీదికి చేరింది. అతను గోదాం వైపు నడిచాడు. ఆ వెనకే ఇంకో వీపు వచ్చి వంగింది.

కవితాళలోని ఆ రైసుమిల్లుకు బసవ జయంతి సెలవు. కానీ రెండో పంట వడ్లు సిమెంటు కళ్లం నిండా ఆరి ఉన్నాయి, తెల్లారేసరికి మబ్బు పట్టింది. యజమాని లోకనాథ్ కబురు పెట్టాడు. మధ్యాహ్నంలోగా బస్తాలు గోదాం చేరితే సాయంత్రం అందరూ కబడ్డీ ఫైనల్‌కు పోవచ్చు. అందుకే హమాలీలు పరుగుల మీద ఉన్నారు.

నాలుగైదు బస్తాలు లేచాక యల్లేశ్ పట్టు జారింది. బస్తా ఒక పక్కకు ఒరిగి దబ్బున నేలమీద పడింది. కుట్టు తెగి వడ్లు చిందాయి.

"ఏందిరా?" అన్నాడు సూగురేశ్.

"చెమట."

చెమటకు చెయ్యి జారకూడదనే యల్లేశ్ ఎడమ మణికట్టుకు పచ్చగుడ్డ పట్టీ ఉంటుంది. భార్య భీమవ్వ పాత చీర అంచును నిలువునా చింపి, చుట్టలు చుట్టలుగా చుట్టి ముడేసుకుంటాడు. మిల్లులో బస్తాలెత్తినా అదే, మైదానంలో దిగినా అదే. ఆ గుడ్డ మీద సూగురేశ్ వేళ్లు ఎన్నడూ జారలేదు.

"కాకా, మొగుడు పెండ్లాల లెక్క చేతులు పట్టుకొని ఇంకెన్నేండ్లు నిలబడ్తరు?" అని నవ్వాడు అంబరీశ్, వీపు వంచే ఉండి. వాడు మిల్లు జట్టుకు కెప్టెన్. రైడింగుకు పోతే జింక.

"నీకు పెండ్లయితె తెలుస్తది బిడ్డా, ఇడ్సిపెట్టుడే కష్టమని," అన్నాడు యల్లేశ్. అందరూ నవ్వారు. యల్లేశ్ కూడా నవ్వాడు గానీ, నవ్వు మధ్యలో ఆగి గాలి మింగాడు.

సూగురేశ్‌కు నలభై దాటాయి. గిల్లేసూగూరులో పుట్టాడు. వెడల్పాటి భుజాలు, సన్నని పిక్కలు, కోత మచ్చ పడిన ఎడమ మోకాలు. ఆ మోకాలు వంగుతుంది గానీ, వంగే ముందు టక్కుమంటుంది. పక్కన నిలబడ్డ వాడికి కూడా వినిపిస్తుంది. చిన్నప్పటి నుంచీ అతడు కబడ్డీలో ఎడమ కార్నర్. ఏడుగురి వరసలో గీత పక్కన చివరి మనిషి. రైడర్ల పేర్లు మైకులో మోగుతాయి, గోడల మీదికి ఎక్కుతాయి. కార్నర్ పని కాలు పట్టుకోవడం. పట్టుకున్నవాడి ముఖం మట్టిలో ఉంటుంది కాబట్టి ఎవరూ చూడరు.

కార్నర్ చెయ్యి పట్టుకుని పక్కన నిలబడేవాణ్ని ఇన్ అంటారు. సూగురేశ్‌కు ఇన్ ఎప్పుడూ యల్లేశే. గిల్లేసూగూరు నల్లరేగడి పొలాల్లో, జొన్నలు కోసిన మోళ్ల మధ్య గీతలు గీసి ఆడిన రోజుల నుంచీ. కార్నర్ వంగి రైడర్ పాదాలనే చూస్తుంటాడు. బరువు ఏ కాలి మీదికి మళ్లిందో నిటారుగా నిలబడ్డ ఇన్‌కు ఒక రెప్పపాటు ముందు తెలుస్తుంది. ఆ సంగతి నోటితో చెబితే రైడర్ వింటాడు. అందుకని వాళ్లిద్దరూ చేతితో చెప్పుకునేవారు. యల్లేశ్ పట్టు బిగిసి ఉన్నంతసేపూ ఆగాలి. పట్టు వదులైతే పోవాలి. అంతే. సూగురేశ్ ఆలోచించడు. చెయ్యి వదులైన మరుక్షణం అతడి ఒళ్లు పాదం మీద ఉంటుంది.

జిల్లా జట్టులో ఇద్దరూ ఆడారు. తరవాత పెద్ద లీగు వాళ్లు వచ్చి ఒక్కణ్నే తీసుకుపోయారు. సూగురేశ్ ఒక సీజనంతా ట్రాక్‌సూట్ వేసుకుని బెంచీ మీద కూర్చున్నాడు. టీవీలో వాళ్ల ఆట వచ్చినప్పుడల్లా కవితాళ బస్టాండు హోటల్లో జనం మూగి, బెంచీ మీద అతడి తల వెనకభాగం కనిపించినా ఈలలు వేసేవారు. ఒక్కసారి, ఒక ఆట చివర, అసలు కార్నర్‌కు దెబ్బ తగిలితే అతన్ని దింపారు. పక్కన ఇన్ ఎవరో ఉత్తరాది కుర్రాడు. ఆ భాష రాదు, ఆ చెయ్యి తెలియదు. రైడర్ ముందుకు వచ్చాడు. పక్క చెయ్యి వదులైంది. ఆ కుర్రాడు పట్టు సర్దుకున్నాడంతే. సూగురేశ్ దూకేశాడు. రైడర్ అతడి మీదుగా ఎగిరిపోయాడు. నల్లమట్టిలో అయితే పాదం జారి ఒంటిని కాపాడుతుంది. అక్కడ పరిచిన రబ్బరు మ్యాట్ బూటును వదల్లేదు. పాదం అక్కడే ఉండిపోయింది, ఒళ్లు తిరిగింది, మోకాలు విరిగింది. లెఫ్ట్ కార్నర్ తొందరపడ్డాడు అన్నారు టీవీలో. పేరు కూడా చెప్పలేదు. అతడి లీగు ఆట మొత్తం అంతే.

కర్ర పట్టుకుని రాయచూరు బస్టాండులో దిగితే యల్లేశ్ ఎదురొచ్చాడు. సంచీ అందుకుంటూ, "నా చెయ్యి ఈడ్నే ఉండె కదరా, ఏం తొందరొచ్చె నీకు?" అన్నాడు. అప్పటి నుంచీ ఇద్దరూ ఈ మిల్లులోనే. మిల్లు జట్టులో ఎడమ మూల, దాని పక్కన.

పదిన్నర ప్రాంతాన లోకనాథ్ బండి దిగాడు. తాతల కాలంలో కాలువ కింద వరి వేయడానికి కోస్తా నుంచి వచ్చిన కుటుంబం. మనిషికి ఆటంటే పిచ్చి.

"ఏవయ్యా సూగురేశూ, మట్టి మీద ఇదే ఆఖరు ఫైనలు. వచ్చే ఏడు మ్యాట్ వేయిస్తున్నాం. మా అబ్బాయి ధర్మతేజ దాని మీదే నేర్చుకున్నాడు, ఇక వాడే మూల చూసుకుంటాడు," అన్నాడు. "ఇవాళ్టికి మాత్రం నువ్వే. అన్నట్టు యల్లేశుకు ఒంట్లో బాగోలేదంటున్నారేంటి? వాడు దిగకపోతే నిన్ను దింపి లాభం లేదు. ఇంకోడి చెయ్యి పట్టుకుని నువ్వు ఆడలేవు, మనందరికీ తెలిసిందేగా."

"వాడు మంచిగనే ఉన్నడు సారు," అన్నాడు సూగురేశ్.

అనేశాక గానీ, ఆ జవాబు తను కాక యల్లేశ్ చెప్పాల్సిందని తోచలేదు.

మబ్బు విచ్చి ఎండ నడినెత్తికి వచ్చేసరికి కళ్లం ఖాళీ అయింది. భీమవ్వ జొన్నరొట్టెలు, పుల్లటి పుండికూర తెచ్చింది. యల్లేశ్ ఒక ముక్క తుంచి, దాన్ని చాలాసేపు నమిలి, తక్కినది సూగురేశ్ రొట్టెల మీద పెట్టి, గోదాంలో గోనెసంచుల మీద నడుం వాల్చాడు. భీమవ్వ నీళ్ల తొట్టి దగ్గరకు పోతూ సూగురేశ్‌ను కళ్లతోనే పిలిచింది.

"అన్నా, రాత్రంత కూసునే ఉన్నడు. చాతి మీద బండ పెట్టినట్టున్నది అన్నడు. దవఖానకు పోదామంటె గ్యాస్ అంటడు. నేను చెప్తె ఇనడు. నువ్వు చెప్తె ఇంటడు. ఇయ్యాల ఆడొద్దని చెప్పన్నా."

"చెప్త చెల్లె."

"మర్వకు. నీ కాల్లు మొక్కుత."

"చెప్త అంటి కదమ్మా."

ఆమె గిన్నెలు కడుగుతూ ఉండిపోయింది. సూగురేశ్ గోదాం వైపు నడిచాడు. నాలుగడుగుల దూరం. చెబితే యల్లేశ్ ఆగుతాడు. యల్లేశ్ ఆగితే తనూ ఆగాలి. వచ్చే ఏడు మ్యాట్. మట్టి మీద మిగిలింది ఈ ఒక్క సాయంత్రం. ఇన్నేళ్లలో తను చేసిన పనికి గుర్తు కావాలంటే, ఎక్కడో టీవీలో తొందరపడిన ఆ దూకుడు ఒక్కటే ఉంది. దాని మీద ఇంకో పట్టు వేసి కప్పాలి. అతడికి కావలసింది అదొక్కటే.

గోనెసంచుల పక్కన కూర్చున్నాడు. మోకాలు టక్కుమంది.

"నీకంటె ముందు నీ మోకాలొస్తది," అన్నాడు యల్లేశ్ కళ్లు తెరవకుండానే.

"ఎట్లున్నది?"

"ఏంది?"

"పానం."

"ఈడ్నే ఉన్నది, యాడికి పోతది?"

ఆడొద్దు అనాలి. నోటిదాకా వచ్చింది. తీరా బయటికి వచ్చిన మాట వేరు.

"ఆడ్తవా?"

యల్లేశ్ కళ్లు తెరిచి, అతడి ముఖంలోకి కాసేపు చూశాడు. ఏం చూశాడో గానీ మెల్లగా నవ్వాడు.

"నువ్వు మూలల నిలబడ్తవా లేదా?"

"నువ్వుంటె."

"ఇగ అడుగుడేంది మరి? జర సోడా తెప్పియ్యి."

సూగురేశ్ సోడా తెప్పించలేదు. తనే ఎండలో బస్టాండుదాకా నడిచి తెచ్చాడు.

బడి మైదానంలో నల్లమట్టి దున్ని, జల్లించి, నీళ్లు చల్లి పదును చేశారు. చుట్టూ ట్రాక్టర్లు నిలిపి, ట్రాలీల మీదికి జనం ఎక్కారు. మైకు పట్టినవాడు ఒక మాట కన్నడంలో, ఒక మాట తెలుగులో అరుస్తున్నాడు. ఎదుటి జట్టు కల్లూరుది. వాళ్ల రైడర్ కొంగలా పొడుగు కాళ్లవాడు, వయసు అంబరీశ్ కంటే తక్కువ.

మొదటి సగంలో ఎడమ మూలకు ఎవడూ రాలేదు. యల్లేశ్ చెయ్యి చల్లగా ఉంది. ఇప్పుడే నీళ్లు తాగాడు, తడి అనుకున్నాడు సూగురేశ్. విరామంలో యల్లేశ్ సోడా తాగి పెద్దగా తేన్చాడు. "పోయింది," అన్నాడు. "గ్యాసే." పెదాల చుట్టూ బూడిద రంగు ఉంది. మట్టి అంటిందనుకున్నాడు సూగురేశ్. అన్నిటికీ ఒక కారణం చిక్కుతూనే ఉంది.

ఆట చివరికి వచ్చింది. రెండు జట్లూ సమానం. ఇక ఒక్క రైడే మిగిలింది, అది కల్లూరుది. పొడుగు కాళ్లవాడు గీత దాటి వచ్చాడు. ట్రాలీల మీద అరుపులు ఒక్కసారిగా ఆగాయి. వాడి గొంతులో "కబడ్డీ కబడ్డీ" తప్ప ఏమీ వినిపించడం లేదు.

వాడు కుడి మూలకు పోయి, మధ్యకు వచ్చి, ఎడమకు తిరిగాడు. సూగురేశ్ వంగాడు. ముందు వాడి పాదం, పాదం కింద తడి మట్టి, బొటనవేలు నాటిన గుంట. కుడిచేతిలో పచ్చగుడ్డ. పట్టు బిగిసింది. ఇంకా బిగిసింది. అంత గట్టిగా యల్లేశ్ ఎన్నడూ పట్టుకోలేదు, ఎముక నొప్పి పుట్టింది. ఆగమంటున్నాడు. సరే, ఆగుతాను. వాడి పాదం లోపలికి వచ్చింది. ఇంకొంచెం.

అప్పుడు చెయ్యి వదులైంది.

సూగురేశ్ దూకాడు. ఈసారి రైడర్ పాదం అక్కడే ఉంది. రెండు చేతులూ చీలమండను చుట్టుకున్నాయి, భుజం మట్టిలో దిగబడింది, మోకాలు మట్టి మీద జారి ఒంటిని కాపాడింది. పైన మనుషులు వచ్చి పడ్డారు. ఈల మోగింది. మైకులో తన పేరు వినిపించింది. "లెఫ్ట్ కార్నర్ సూగురేశ్! సూగురేశ్! నమ్మ సూగురేశ్, మన సూగురేశ్!" పుట్టి బుద్ధెరిగాక మైకులో ఆ పేరు వినడం అదే మొదలు. నోటినిండా మట్టితో నవ్వాడు.

"సరిగ్గ యాలకు ఇడ్సినవురా!" అని వెనక్కి తిరిగాడు.

యల్లేశ్ తను నిలబడ్డ చోటే మోకాళ్ల మీద కూర్చుని ఉన్నాడు. నమస్కారం పెట్టడానికి వంగినవాడిలా నుదురు నేలకు ఆనింది. అతడి మీద ఎవరూ పడలేదు, ఎవరూ తాకలేదు. అందరూ అంబరీశ్‌ను భుజాల మీదికి ఎత్తుకుంటున్నారు.

లోకనాథ్ కారులో తీసుకుపోయారు. దవఖానలో డాక్టరు ఉన్నాడు, పండుగ పూటైనా. కనురెప్ప ఎత్తి చూసి, చెవి గొట్టం పెట్టి, తీసేసి, తెల్లదుప్పటి ముఖం దాకా లాగాడు. దారిలో కాదు, మైదానంలోనే అయిపోయింది అన్నాడు.

భీమవ్వ వచ్చేసరికి సూగురేశ్ వరండాలో గోడకు ఆనుకుని నిలబడి ఉన్నాడు. ఆమె లోపలికి పోయి వచ్చింది. ఏడవలేదు. దూరంగా మైదానంలో మైకు ఇంకా మోగుతూనే ఉంది, అతడి పేరు ఇంకోసారి వినబడింది.

"చెప్పినవా అన్నా?"

సూగురేశ్ నోట్లో మట్టి ఇంకా కరకరలాడుతోంది.

"ఆడ్తవా అని అడిగిన."

"ఆడొద్దని చెప్పలే?"

ఆమె గోడ వైపు తిరిగి కూర్చుంది. ఆ తరవాత ఆమె అతన్ని అన్నా అని పిలవలేదు.

రాత్రి ఎవరో బొక్కెనతో నీళ్లిచ్చి, చేతులు కడుక్కోమన్నారు. అప్పుడు గానీ అతడి కుడి పిడికిలి విచ్చుకోలేదు. అందులో పచ్చగుడ్డ ఉంది. ఆ దూకుడులో, బిగువు పోయిన యల్లేశ్ చేతి మీంచి, ముడి విడకుండానే, కడియంలా ఊడి వచ్చేసింది. నీళ్లు తాకనీయకుండా దాన్ని జేబులో పెట్టుకున్నాడు.

మూడోనాడు మిల్లు తెరిచారు. బస్తాకు అవతల అంబరీశ్ నిలబడ్డాడు. చేతులు కలిశాయి. బస్తా సగం లేచాక, పట్టు సర్దుకోవడానికి అంబరీశ్ వేళ్లు రవ్వంత వదిలాడు. సూగురేశ్ ఒళ్లంతా ముందుకు విసురుకుపోయింది. బస్తా పడింది. వడ్లు పాదాలను కప్పేశాయి.

"కాకా?"

"ఏం లేదు. నువ్వు ఇంకొకన్ని పట్టుకొ."

అతడు గోదాం గుమ్మం దగ్గరకు నడిచాడు. యల్లేశ్ రోజూ చొక్కా తగిలించే మేకు అక్కడ ఖాళీగా ఉంది. జేబులోంచి గుడ్డ తీసి దానికి వేశాడు. కండువా దులిపి భుజాన వేసుకుని, గేటు దాటి, వెనక్కి చూడకుండా పోయాడు. మిల్లులో ఎవరూ ఆ గుడ్డను ముట్టుకోలేదు. గాలి వచ్చినప్పుడు పచ్చటి అంచులు ఊగుతాయి. నల్లమట్టి ఆరి బిరుసెక్కిన చోట, సూగురేశ్ పట్టిన నాలుగు వేళ్ల వెడల్పు మేర, గుడ్డ కదలదు.